అక్క చెప్పాల్సిన మాట

విసనకర్ర కిందపడ్డ చోట ఆపాను కదూ పోయినవారం. ఆ చప్పుడు ఇంకా నా చెవుల్లోనే ఉంది. నాట్యానికి వాడే మడత విసనకర్ర అడుగున చిన్న సీసపు ముక్క పెడతారు, చేతిలో సరిగ్గా తిరగడానికి ఆ బరువు కావాలి. అందుకే అది చాప మీద పడితే ధబ్బుమంటుంది. బహ్రెయిన్‌లో, అద్లియా పేటలోని మా రెస్టారెంటు పైఅంతస్తు గదిలో, ఇరవైమంది ఆడవాళ్ళు చూస్తుండగా, క్యోటో నుంచి వచ్చిన మసుయె గారి ఎదురుగా, మల్లిక చేతిలోంచి అది జారి ధబ్బుమంది.

జారితే జారింది. తప్పే, కాని సర్దుకోగలిగిన తప్పు. మోకాళ్ళ మీద కూర్చుని, కుడిచేత్తో తీసుకుని, ఏమీ జరగనట్టు పాటలో కలిసిపోవాలి. మాకు నేర్పింది అదే. ఈ పిల్ల ఏం చేసింది? వెనక్కి వేసిన అడుగు తిన్నగా తీసుకెళ్ళి దాని మీదే వేసింది. వేసి, ఉలిక్కిపడి, ఒంగి, రెండు చేతులతో విసనకర్రను తీసి కళ్ళకద్దుకుంది. ఒక కన్నుకి, ఇంకో కన్నుకి, ఆ తర్వాత నుదుటికి. తీరిగ్గా. పాట దాన్ని వదిలేసి ముందుకు వెళ్ళిపోయింది.

మా వీసాలకు పూచీ ఉన్న యజమాని, కఫీల్ గారి భార్య చప్పట్లు కొట్టింది. ఆవిడను చూసి మిగతావాళ్ళూ కొట్టారు. అదీ నాట్యంలో ఒక భాగమే అనుకున్నారు పాపం. మాకు నాట్యం నేర్పే ఓకాసాన్ మాత్రం కొట్టలేదు. మసుయె గారు తాగుతున్న టీ గిన్నె కింద పెట్టి తలెత్తారు. ఆవిడ చూసింది మల్లికను కాదు, గోడవారగా కూర్చున్న నన్ను.

నన్నే ఎందుకు చూశారో, మధ్యలో చదవడం మొదలుపెట్టిన వాళ్ళ కోసం చెప్పాలి. నా పేరు వహీదా. మాది కోరుట్ల. మూడేళ్ళ కింద ఈ రెస్టారెంటులో కిందిభాగంలో ప్లేట్లు అందించే పనికి చేరాను. పై గది ఓకాసాన్‌ది. ఓకాసాన్ అంటే జపాను భాషలో అమ్మ. అసలు పేరు పెట్టి ఎవరం పిలవం. ఆవిడ ఒకప్పుడు క్యోటోలో గైషా. పదిహేనేళ్ళ వయసులో గైషాల ఇంట్లో చేరి, నాట్యం, పాట, టీ పోసే పద్ధతి, నడక, కూర్చోవడం, లేవడం, తలుపు తీయడం అన్నీ కొత్తగా నేర్చుకుని, నలభై ఏళ్ళు బతికి, ఎలాగో బహ్రెయిన్ వచ్చి పడ్డారు. వారానికి రెండు మధ్యాహ్నాలు పై గదిలో ఆడవాళ్ళ మజ్లిస్, అంటే టీతో నాట్యంతో చిన్న సభ, పెడతారు. మగవాళ్ళకు ప్రవేశం లేదు. అందుకే నేను పైకి వెళ్ళి నేర్చుకోవడానికి మా అన్న ఫుర్ఖాన్ కూడా ఒప్పుకున్నాడు.

మొదటిరోజే ఆవిడ తెగేసి చెప్పారు. గైషా అనే పేరు మాకు ఎప్పటికీ రాదు, అది క్యోటోలో పుట్టి క్యోటోలోనే ఉంటుంది. కాని నేర్చుకునే పద్ధతి మాత్రం అక్కడిదే, అందులో వెంట్రుకవాసి తగ్గించనన్నారు. తగ్గించలేదు కూడా. మోకాళ్ళ మీద కూర్చుని కూర్చుని నా పాదాల పైభాగం మొద్దుబారిపోయింది. జుట్టు ముడి చెదరకుండా చెక్క దిండు మీద మెడ పెట్టి పడుకోవడం అలవాటు చేసుకునే సరికి సంవత్సరం పట్టింది. నేర్చుకునే పిల్ల లోపలి బట్టకు ఎర్ర మెడపట్టీ కుట్టి ఉంటుంది. చదువు పూర్తయిందని పెద్దలు ఒప్పుకున్న రోజున ఆ ఎరుపు ఊడదీసి తెల్లపట్టీ కుడతారు. ఓకాసాన్ ఈ నెలాఖరుకి జపాను వెళ్ళిపోతున్నారు. తెల్లపట్టీ వేసుకున్నదానికే ఆ గది, ఆ మజ్లిస్, ముందుముందు వచ్చే పిల్లలు, అన్నీ అప్పగిస్తారు. అది నేనే అని ఓకాసాన్ మాటిచ్చారు. ఒప్పుకోవాల్సింది మసుయె గారు. అందుకే డెబ్బై ఎనిమిదేళ్ళ వయసులో ఆవిడ విమానమెక్కి వచ్చారు. ఓకాసాన్‌కి ఆవిడ అక్క. కడుపున పుట్టిన వరస కాదు, గిన్నె వరస.

ఈ గిన్నె వరసే నా ప్రాణం మీదకు వచ్చింది. కొత్తగా చేరిన పిల్లకు పాతవాళ్ళలో ఒకర్ని అక్కగా కడతారు. ఇద్దరూ ఒకే గిన్నెలోంచి తొమ్మిది గుక్కలు తాగుతారు. అక్కడైతే బియ్యపు సారా, మాకు బార్లీ టీ. ఆ రోజు నుంచి చెల్లెలు ఏ తప్పు చేసినా అది అక్కదే. చెల్లెలు ఆలస్యంగా వస్తే అక్క వెళ్ళి క్షమాపణ అడగాలి. చెల్లెలు గిన్నె పగలగొడితే అక్క తల నేలకు ఆనించాలి. ఏడు నెలల కింద మల్లికను తెచ్చి నాకు కట్టారు. ఇంకొకర్ని తీర్చిదిద్దలేని దానికి తెల్లపట్టీ ఎందుకని ఓకాసాన్ ఉద్దేశం.

ఇప్పుడు అర్థమైంది కదా, ఆవిడ నన్నెందుకు చూశారో.

ఆడవాళ్ళంతా భోజనానికి కిందికి దిగారు. గదిలో ఓకాసాన్, మసుయె గారు మిగిలారు. టీ తాగడం అవగానే మల్లికనూ నన్నూ లోపలికి రమ్మని ఓకాసాన్ కబురు పంపారు. బట్టల గదిలో మా ముగ్గురికీ దొరికింది ఆ పావుగంటే. మూడో మనిషి చంద్రవ్వ. యాభై దాటిన మనిషి, ధర్మపురి దగ్గర పల్లెటూరు. రిఫాలో ఎవరింట్లోనో పదేళ్ళు ఇంటిపని చేసి, ఇక్కడికి వచ్చి మాకు బట్టలు కట్టే పనిలో కుదిరింది. నాలుగు గజాల నడుంపట్టీ బిగించాలంటే ఆడమనిషి చేతుల్లో మామూలు బలం చాలదు, చంద్రవ్వ చేతుల్లో చాలుతుంది. ఆవిడ మల్లిక ముఖం మీద తెల్లరంగు చెమటకు కారిన చోట దూదితో అద్దుతోంది. ఆ పిల్లకు అంత సేవ అవసరమా అని నాకు మండింది.

ఏం చెప్పను, నాకు మల్లిక మొదటినుంచీ పడదు. దాచుకోను. రాయికల్ నుంచి వచ్చిన ఇరవై ఒక్కేళ్ళ పిల్ల. నేను సంవత్సరం తిట్లు తిని నేర్చుకున్న నాట్యం నెలలో ఎత్తేసింది. నేను కూర్చుంటే ఓకాసాన్ వీపు వంగిందంటారు, అది కూర్చుంటే నవ్వుతారు. మూడేళ్ళలో ఓకాసాన్ నన్ను చూసి నవ్విన రోజులు నా వేళ్ళకు సరిపోతాయి. పైగా ప్రతిదానికీ అక్కా అక్కా అంటూ నా వెనకే తిరుగుతుంది, నేనేం చేస్తే అది చేస్తుంది. నేను చెంగు ఎలా పట్టుకుంటే అలాగే పట్టుకుంటుంది. నాకు ఒళ్ళు మంట.

నేను తలుపు వేసి, గొంతు పెంచకుండానే మొదలుపెట్టాను. కింద ఆడవాళ్ళున్నారు కదా. పరువు తీశావన్నాను. మూడేళ్ళ నా కష్టాన్ని కాలితో తొక్కావన్నాను. అది ముఖమా ఇంకేమైనానా, అలా కళ్ళకద్దుకుని నిలబడ్డానికి అదేమన్నా మీ ఊరి గుడా అని కూడా అన్నాను. చంద్రవ్వ దూది కింద పెట్టి, ఇప్పుడు ఆ పిల్లను తిట్టి ఏం లాభం, లోపలికి పోయి అక్క చెప్పాల్సిన మాట చెప్పి రా, ముసలామె మంచిదే ఉన్నట్టుంది అంది.

అక్క చెప్పాల్సిన మాట అంటే ఇది. విసనకర్ర మోకాళ్ళ ముందు పెట్టి, నుదురు చాపకు ఆనించి, 'నా నేర్పు చాలలేదు, తప్పు నాది' అనాలి. ఈ ఏడు నెలల్లో చిన్నాచితకా తప్పులకు పదకొండుసార్లు ఓకాసాన్ ముందు అన్నాను. కాని మసుయె గారి ముందు అంటే లెక్క వేరు. తెల్లపట్టీ ఇంకో ఏడాది ఆగమంటారు. ఏడాది తర్వాత ఇక్కడ ఓకాసాన్ ఎక్కడుంటారు, ఆ గది ఎక్కడుంటుంది? ఒక్క మాటతో మూడేళ్ళు నీళ్ళలో కలుస్తాయి. మళ్ళీ కింద ప్లేట్లు అందించుకుంటూ బతకాలి.

ఇంకో దారి కూడా ఉంది. మా ఇద్దరం తాగిన గిన్నెను పెద్దల ముందు బోర్లించి, ఇది నేను నేర్పింది కాదు, ఈ పిల్ల నా చెల్లెలు కాదు అనేస్తే, తప్పు నా మీదకు రాదు. అక్క లేని పిల్ల ఓకాసాన్ దగ్గర ఉండకూడదు. రేపు దాని వీసా క్యాన్సిల్, ఎల్లుండి విమానం. ఖలాస్.

నేను గూట్లోంచి గిన్నె తీశాను. చంద్రవ్వకు వెంటనే అర్థమైంది. వచ్చి నా చేయి పట్టుకుంది.

"బిడ్డా, ఆ పిల్ల తండ్రి దవఖానల ఉన్నడు. ఎర్కనే గద నీకు."

ఎరుకే. మల్లిక వాళ్ళ నాయన దేవన్న అస్కర్‌లో కాంట్రాక్టరు దగ్గర కూలి. నెలన్నర కింద పక్షవాతం వచ్చి కుడిపక్క పడిపోయింది. సల్మానియా ఆసుపత్రిలో ఉన్నాడు. ఇంకా రెండు నెలలు విమానం ఎక్కించవద్దన్నారు డాక్టర్లు. క్యాంపులో ఉండే తోటి కూలీలు మొదట్లో రోజుకొకరు వెళ్ళి చూసేవారు, తర్వాత డ్యూటీలున్నాయని మానేశారు. ఇప్పుడు పొద్దున పోయి ముఖం కడిగి, అన్నం తినిపించి వచ్చేది మల్లికే. దాన్ని పంపించేస్తే ఆయన నోట్లో నీళ్ళు పోసే దిక్కు లేదు. ఇదంతా నాకు తెలుసు. తెలిసే గిన్నె తీశాను. మీరు నన్ను ఏమైనా అనుకోండి.

అప్పుడు నోరు విప్పింది మల్లిక.

"నేను తప్పు చేసినన్న సంగతి నాకు ఇప్పుడు ఎర్కయిందక్కా. కాలు తాకితే కండ్లకద్దుకునుడు ఈడి పద్ధతే అనుకున్న."

ఎవరు చెప్పారు నీకు అలా అని అన్నాను.

"ఎవ్వరు చెప్పలే. నువ్వు చేస్తే చూసిన."

నేను నవ్వాను. నిజంగా నవ్వొచ్చింది. ఇంత తెలివితక్కువ అబద్ధం ఎవరైనా ఆడతారా అనుకున్నాను. కాని అది అబద్ధం ఆడేవాళ్ళలా తడుముకోలేదు, జరిగింది జరిగినట్టు చెప్పుకుంటూ పోయింది. రంజాను నెల మొదలవడానికి ముందు, ఒక మధ్యాహ్నం, మేమిద్దరం సాధన చేస్తున్నాం. నేను ముందు, అది వెనక. తిరిగే చోట నా విసనకర్ర జారింది. నా కాలి బొటనవేలు దానికి తగిలింది. నేను ఒంగి దాన్ని తీసి, ముద్దు పెట్టుకుని, రెండు కళ్ళకూ అద్దుకుని, నుదుటికి తాకించి, మళ్ళీ పాట అందుకున్నాను. మల్లిక అదీ నేర్చుకోవాల్సిందే అనుకుంది. గదికి పోయి నాలుగుసార్లు చేసి చూసుకుందట.

"ముద్దు మాత్రం ఇడిసిపెట్టిన. నాకు మంచిగనిపియ్యలే," అంది.

అప్పటికి నాకు నవ్వు ఆగిపోయింది. నాకు గుర్తులేదు. ఒట్టేసి చెబుతున్నాను, అలా చేసినట్టు నాకు గుర్తులేదు. కాని చేసే ఉంటాను. మా ఇంట్లో రొట్టె ముక్క కిందపడితే అమ్మీ తీసి ముద్దు పెట్టి కళ్ళకద్దేది, తర్వాతే పక్కన పెట్టేది. పుస్తకం పడినా అంతే, నమాజు చేసుకునే జానమాజు మీద కాలు పడినా అంతే. మూడేళ్ళ వయసు నుంచి నా చేతులకు అదే అలవాటు. నా బుర్ర జపాను పద్ధతి నేర్చుకుంది, నా చేతులు కోరుట్లలోనే ఉండిపోయాయి.

నేను చంద్రవ్వ వైపు తిరిగాను. అబద్ధమని చెప్పమన్నట్టు చూశాను. ఆవిడ నా చేయి వదిలేసింది.

"నేను గూడ చూసిన బిడ్డా. నేను గూడ గదే పద్ధతనుకున్న. మనింట్ల గూడ గంతే చేస్తం గద."

మరి ఇన్నాళ్ళూ చెప్పలేదేం అంటే, చెప్పడానికి ఏముంది, తప్పని తెలిస్తే కదా అంది. అదీ నిజమే. ఓకాసాన్ ఒక్కరే దాన్ని తప్పని గుర్తుపట్టగలిగేవారు. ఆ రోజు ఆవిడ గదిలో లేరు.

అంటే 'నా నేర్పు చాలలేదు' అనే మాట ఈసారి ఊరికే అనే మాట కాదు. నేను నేర్పిందే నా చెల్లెలు చేసింది. పదకొండుసార్లు నాది కాని తప్పుకు తల నేలకు ఆనించాను. పన్నెండోసారి తప్పు నాదే అయి కూర్చుంది. ఈ సంగతి తెలిసిన వాళ్ళం ప్రపంచంలో ముగ్గురం, ముగ్గురం ఆ గదిలోనే ఉన్నాం.

మంచి మనిషైతే అక్కడ మెత్తబడేది. నాకు ఇంకా కోపం వచ్చింది. నేను గమనించుకోని నా తప్పును ఇది గమనించింది, దాచుకుంది, నాకంటే బాగా చేసింది. దాని ముఖం చూడబుద్ధి కాలేదు. దగ్గరకు వెళ్ళి, ఈ మాట లోపల అన్నావంటే నేనే నిన్ను ఎయిర్‌పోర్టులో దింపి వస్తానన్నాను.

మల్లిక కళ్ళు తుడుచుకోలేదు. తుడుచుకుంటే రంగు పోతుందని నేనే నేర్పాను.

"అననక్కా. అడిగితే ఏం జెప్పాల్నో నువ్వే చెప్పు, గదే చెప్త. మా నాయన లేచి నిలవడేదాంక నన్ను ఈడ ఉండనియ్యి. ఆ గిన్నె లోపల పెట్టు. నీ కాళ్ళు మొక్కుత."

"మీ నాయన కోసం మూడేండ్లు మోకాండ్ల మీద కూసోలే నేను," అన్నాను.

చంద్రవ్వ తల తిప్పుకుంది. నేను గిన్నె చేతిలో పట్టుకుని తలుపు తీశాను.

పెద్ద గదిలో ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని ఉన్నారు. ఓకాసాన్ పక్కన నల్ల పళ్ళెం. అందులో మడిచిన తెల్లపట్టీ, చిన్న కత్తెర, సూది, దారం. అది చూడగానే నాకు మిగతా ఏవీ కనిపించలేదు. నేను ముందు, మల్లిక నా వెనక ఒక చాప దూరంలో కూర్చున్నాం. చంద్రవ్వ గుమ్మం దగ్గరే ఆగింది. నేను వంగి దండం పెట్టి తలెత్తాను.

మసుయె గారు ఒక్కటే అడిగారు. ఆ విసనకర్రను అలా ముఖానికి తాకించడం ఎవరు నేర్పారు అని. ఓకాసాన్ దాన్ని తనకొచ్చిన బజారు హిందీలోకి మార్చి మల్లిక కోసం మళ్ళీ చెప్పారు. నాకు అవసరం లేదు, నాకు జపాను భాష వచ్చు.

ఒక్క క్షణం ఆగాను, కాదనను. నా వెనక దాని ఊపిరి వినిపిస్తోంది. నేర్పింది నేనే అనడానికి రెండు ముక్కలు చాలు. నోటిదాకా వచ్చాయో లేదో నాకే తెలియదు. నా కళ్ళు పళ్ళెం మీదున్నాయి.

గిన్నె చాప మీద పెట్టి బోర్లించాను. ఇది నేను నేర్పింది కాదు, ఈ పిల్ల నా చెల్లెలు కాదు అని జపాను భాషలో తడబడకుండా చెప్పాను. ఆ మర్యాద భాషలో అంత పొడుగు వాక్యం తప్పు లేకుండా అనడం నాకు అదే మొదలు. ఓకాసాన్ కళ్ళు మూసుకున్నారు. గుమ్మం దగ్గర చంద్రవ్వ దగ్గింది.

మసుయె గారు నన్ను దాటి మల్లికను చూశారు. అదే ప్రశ్న దాన్నీ అడిగారు. ఓకాసాన్ దాన్ని హిందీలో చెప్పారు. ఇప్పుడు చెప్పేస్తుంది, చెప్పకపోతే అది మనిషే కాదు అనుకున్నాను. మల్లిక వచ్చీరాని హిందీలో, ఎవరూ నేర్పలేదు, మా ఇంట్లో అలవాటు అంది. కాలు తగిలిన వస్తువు మనకు అన్నం పెట్టేదైతే కళ్ళకద్దుకుంటాం, ఈ విసనకర్ర నాకు అన్నం పెడుతోంది, అందుకని అలా చేశాను అంది. అక్క ఎప్పుడూ అలా చేయలేదు అని కూడా అంది. ఆ చివరి మాట ఎవరూ అడగలేదు.

నన్ను కాపాడిందని నాకు సంతోషం కలగాలి. కలగలేదు. చెంపమీద కొట్టినా అంత మండేది కాదు.

మసుయె గారు రెండు చేతులూ చాప మీద ఆనించి మెల్లగా లేచారు. మోకాళ్ళు పట్టేశాయి కాబోలు, ఓకాసాన్ సాయం పట్టబోతే వద్దన్నారు. వచ్చి నా ముందు కూర్చున్నారు. నేను బోర్లించిన గిన్నెను తీసి, చేతి గుడ్డతో తుడిచి, మామూలుగా నిలబెట్టారు. టీ పోయమన్నారు. ఓకాసాన్ కదల్లేదు. రెండోసారి పోయమన్నారు.

ఓకాసాన్ పోసిన టీని మసుయె గారు మూడు గుక్కలు తాగి, నన్ను దాటించి చేయి చాపి, గిన్నెను మల్లికకు ఇచ్చారు. ఇస్తూ ఒక మాట అన్నారు. చెల్లెలు అనే మాట. దాని అర్థం మల్లికకు తెలియదు, ఓకాసాన్ ఇంకా హిందీలోకి మార్చలేదు. దానికంటే ముందు నాకే అర్థమైంది.

నేను నేర్చుకున్నది సగం పద్ధతే. అక్క లేని పిల్ల ఉండకూడదు, నిజమే. కాని పెద్దల ముందు గిన్నె బోర్లిస్తే, ఆ గదిలో ఉన్న అందరిలోకీ పెద్దావిడకు ఆ పిల్లను తీసుకునే హక్కు ఉంటుందట. తీసుకోవచ్చు, వీధిలో వదిలేయనూ వచ్చు. వదిలేయడమే ఎక్కువట. నలభై ఏళ్ళలో తీసుకోవడం తాను ఒక్కసారే చూశానని ఓకాసాన్ తర్వాత చెప్పారు. మసుయె గారేమీ మల్లికను మెచ్చుకోలేదు. నీ నాట్యం చెత్త, నీ అడుగులు బరువు మోసేవాళ్ళ అడుగులు, నేనున్న రెండు వారాలూ నిన్ను ఏడిపించి గాని వదలను అన్నారు. ఓకాసాన్ అదంతా హిందీలో చెబుతుంటే మల్లిక అన్నిటికీ తలూపుతూ మూడు గుక్కలు, మళ్ళీ మూడు తాగేసింది, మసుయె గారి మూడూ కలిపితే తొమ్మిది. దానికి ఇంకా ఏం జరిగిందో తెలియలేదు. ఉండనిస్తారా అని మాత్రం అడిగింది. ఉంటావు అన్నారు ఓకాసాన్.

నేను వరసలు కలుపుకుంటున్నాను. మసుయె గారి చెల్లెలు ఓకాసాన్. మసుయె గారి చెల్లెలు ఇప్పుడు మల్లిక. ఓకాసాన్ నాకు అమ్మ. అమ్మ చెల్లెలు ఏమవుతుంది? మా ఇంట్లో ఖాలా అంటాం, మల్లిక వాళ్ళింట్లో చిన్నమ్మ అంటారు. పావుగంట ముందు నా కాళ్ళు మొక్కుతానన్న పిల్ల ముందు ఇక నుంచి నేను నుదురు చాపకు ఆనించాలి. అది గదిలోకి వస్తే లేవాలి. అది కూర్చునేదాకా కూర్చోకూడదు.

ఓకాసాన్ నల్ల పళ్ళెం నా ముందుకు జరిపారు. ఆవిడ గొంతు ఎప్పుడూ లేనంత చల్లగా ఉంది. నీ మీద తప్పు లేదని నువ్వే చెప్పావు, తప్పు లేనిదానికి ఇస్తానన్నది ఇవ్వాలి, తీసుకో అన్నారు. మసుయె గారు కూడా తలూపారు. మూడేళ్ళుగా ఎదురుచూసింది దొరికింది. ఎరుపు ఊడదీసి తెలుపు కుట్టే పని ఎప్పుడూ అమ్మ వరసవాళ్ళదే. నేను ఓకాసాన్ వైపు తిరిగి తల వంచాను.

మసుయె గారు గడ్డంతో మల్లిక వైపు చూపించారు. కొత్త చెల్లెలికి మొదటి పని అదేనట.

దాన్ని లేచి నా ముందుకు రమ్మని, ముందు దానికి నన్ను దండం పెట్టమన్నారు. పెట్టాను. పెట్టకపోతే పళ్ళెం వెనక్కి వెళ్ళిపోతుంది. నా నుదురు చాపకు తగిలినప్పుడు ఎదురుగా మల్లిక తెల్ల మేజోళ్ళు కనిపించాయి. పొద్దున్నే వాటిని తొడిగించి, కొక్కేలు పెట్టింది నేనే.

అది నా వెనక్కి వచ్చి కూర్చుంది. పై బట్ట భుజాల మీంచి కొద్దిగా దించింది. మెడ వెనక తెల్లరంగు వేయకుండా వదిలిన చోట కత్తెర ఇనుము చల్లగా తగిలింది. కదిలితే తెగుతుంది. నేను కదల్లేదు. ఒక్కో కుట్టూ తెంపుతోంది. ఎదురుగా మసుయె గారు టీ తాగుతూ చూస్తున్నారు. ఓకాసాన్ తెల్లపట్టీ మడత విప్పుతున్నారు.

ఆఖరి కుట్టు దగ్గర కత్తెర ఆగింది. మల్లిక నా చెవి దగ్గరకు వంగింది. మన భాష ఆ గదిలో మా ఇద్దరికీ, గుమ్మం దగ్గరున్న చంద్రవ్వకూ తప్ప ఎవరికీ రాదు.

"వహీదా," అంది. అక్కా అనలేదు. "అక్క అడిగిందని అబద్ధం చెప్పిన. ఇప్పుడు నువ్వు నాకు అక్కవు కాదు గద. నేను ఎవరి దగ్గర నేర్చుకున్ననో నువ్వు చెప్తవా, నన్ను చెప్పమంటవా?"

కుట్టు తెగింది. ఎర్రపట్టీ జారి నా ఒళ్ళో పడింది. తెల్లది ఇంకా ఓకాసాన్ చేతుల్లోనే ఉంది.